బ్రూస్ లీ సినిమా తీసిన క్యామెరామన్ అంతకుముందు దయ్యాల సినిమాలు తీసేవాడని మీకు తెలుసా?

పాతరీలు | శుక్రవారం, రాత్రి 10:48

జపాన్ దయ్యాల సినిమా అనగానే ఈ వేదికలో అందరూ 1998 నాటి ‘రింగు’ దగ్గర మొదలుపెట్టి, 2002 ‘జు-ఆన్’ దగ్గర ఆగిపోతారు. దర్శకుల పేర్లు గుక్కతిప్పుకోకుండా చెబుతారు. ఆ చీకటిని ఎవరు పట్టారని మాత్రం ఒక్కరూ అడగరు. అందుకే ఈ చర్చ.

ఈ వారంలో ‘తోకైదో యొత్సుయా కైదాన్’ రెండుసార్లు చూశాను. 1959 నాటిది. దర్శకుడు నకగవా నొబువో, నిర్మాణం షిన్‌తోహో సంస్థ. నిడివి 76 నిమిషాలే. భార్యకు విషం పెట్టి చంపిన ఇయెమోన్ అనే సమురాయ్‌ని ఆమె వెంటాడే కథ. ఒకచోట తతామి చాపలు పరిచిన గది ఉన్నట్టుండి ఎర్రని మడుగైపోతుంది. ఇల్లు ఇల్లుగానే ఉంటుంది, నేల మాత్రం నీళ్లైపోతుంది. అరవై ఏళ్లు దాటిన సినిమా, కంప్యూటర్ మాయ ఏమీ లేదు. అయినా నేను కుర్చీలో కాళ్లు పైకి పెట్టుకున్నాను.

ఛాయాగ్రహణం: నిషిమొతో తదాషి. ఇదే మనిషి 1972లో రోమ్ వెళ్లి ‘వే ఆఫ్ ద డ్రాగన్’ తీశాడు. నేనూ మొదట నమ్మలేదు.

---

సందేహాల పుట్ట | శుక్రవారం, రాత్రి 11:05

పాతరీలు గారూ, ఒక చిన్న సందేహం. ఆ బ్రూస్ లీ సినిమా నేను మా ఊరి టూరింగ్ టాకీసులో చూశాను. నా దగ్గర డిస్కు కూడా ఉంది. ఇప్పుడే పెట్టి చూస్తే పేర్లలో ఏదో చైనా పేరు కనిపించింది. మీరు చెబుతున్న జపాన్ ఆయనా, ఈయనా ఒకరేనా? పేరు పొరపాటు పడి ఉండవచ్చు కదా?

---

పాతరీలు | శుక్రవారం, రాత్రి 11:52

ఒకరే. హాంకాంగ్‌లో ఆయన పేరు హో లాన్-షాన్. ఎందుకలా అన్నది తెలియాలంటే కొంచెం వెనక్కి వెళ్లాలి.

నిషిమొతో 1921లో పుట్టాడు. పెరిగింది మంచూరియాలో, అంటే చైనా ఈశాన్యాన్ని ఆక్రమించి జపాన్ నిలబెట్టిన కీలుబొమ్మ రాజ్యంలో. పని నేర్చుకున్నది కూడా అక్కడే, మాన్‌యేయి అని పిలిచే మంచూరియా చలనచిత్ర సంస్థలో. 1937లో పెట్టిన ఆ సంస్థ జపాన్ ప్రచార యంత్రంలో ఒక చక్రం. 1945లో యుద్ధం ముగిసేసరికి రాజ్యమూ పోయింది, స్టూడియో కూడా పోయింది. ఆయన జపాన్ తిరిగి వచ్చి షిన్‌తోహోలో చేరాడు.

షిన్‌తోహో సంగతి కూడా చెప్పాలి. తోహో స్టూడియోలో సమ్మెలు జరిగినప్పుడు విడిపోయిన వాళ్లతో 1947లో పుట్టిన సంస్థ అది. 1955లో ఒకురా మిత్సుగి అధిపతి అయ్యాడు. మూకీల కాలంలో తెర పక్కన నిలబడి కథ చెప్పే బెన్షిగా పనిచేసిన మనిషి. జనానికి ఏం కావాలో గొంతుతో తెలుసుకున్నవాడు. డబ్బు తక్కువ, వేగం ఎక్కువ, వేసవి వచ్చిందంటే దయ్యం సినిమా విడుదల కావాల్సిందే. జపాన్‌లో దయ్యం కథలకు కాలం వేసవి. పితృదేవతలు ఇళ్లకు వస్తారని నమ్మే ఒబోన్ పండుగ అప్పుడే. ఉక్కపోతలో వెన్ను చల్లబడితే హాయి అని కూడా అంటారు.

నిషిమొతో 1950ల చివర్లో, హాంకాంగ్ సినిమా సంస్థ నడిపే షా సోదరుల పిలుపు మీద ఒకసారి హాంకాంగ్ వెళ్లి, రంగుల సినిమా తీసి తిరిగి వచ్చాడు. ఆ తరువాతే నకగవాతో 1958లో దయ్యపు పిల్లి సినిమా, 1959లో ‘యొత్సుయా’. 1960 ప్రాంతంలో మళ్లీ హాంకాంగ్ చేరాడు. 1961లో షిన్‌తోహో దివాలా తీసింది. మునిగే పడవలోంచి సమయానికి దిగిపోయిన మనిషి అనుకోండి.

యుద్ధం గాయం ఇంకా ఆరలేదు. తెర మీద జపాన్ పేరు కనిపిస్తే ప్రేక్షకులు ఊరుకోరని షా సంస్థ జపాన్ వాళ్లకు చైనా పేర్లు పెట్టేది. అలా నిషిమొతో హో లాన్-షాన్ అయ్యాడు.

---

నల్లతెర | శనివారం, ఉదయం 7:20

కథ బాగుంది. కానీ పాతరీలు గారు ఎప్పటిలాగే ఒక మనిషిని వెతికి పట్టుకుని గుడి కట్టేస్తున్నారు. రెండు దయ్యాల సినిమాలు తీస్తే ‘దయ్యాల క్యామెరామన్’ అయిపోతాడా?

ఆ ఎర్ర మడుగు ఎవరిది? కళా దర్శకుడు కురొసావా హరుయాసుది. ఆ ఆలోచన నకగవాది. క్యామెరా అక్కడ ఉంది, అంతే. అదీగాక జపాన్ పద్ధతి వేరు. అక్కడ క్యామెరామన్ వేరు, దీపాలు చూసే మనిషి వేరు. దీపాల విభాగానికి పేర్లలో ప్రత్యేక స్థానం ఉంటుంది. మీరు ‘చీకటిని పట్టినవాడు’ అంటున్నారే, ఆ చీకటిలో సగం ఆ దీపాల మనిషి సొత్తు.

నిజంగా క్యామెరా గురించి మాట్లాడాలంటే 1964 ‘ఒనిబాబా’ తీసిన కురొదా కియోమి గురించి మాట్లాడండి. రెల్లు పొదలు, గాలి, నలుపు తెలుపు. లేదా ‘క్వైదాన్’ తీసిన మియాజిమా యొషియో. విమానాల షెడ్డులో ఆకాశాన్ని రంగులతో గీయించి తీసిన సినిమా, 183 నిమిషాలు, 1965లో కాన్ ఉత్సవంలో ప్రత్యేక బహుమతి. దాని ముందు షిన్‌తోహో సరుకు చవక బజారు.

---

ఆర్క్‌ల్యాంప్ | శనివారం, ఉదయం 9:41

నేను రసజ్ఞుణ్ణి కాను, పనివాణ్ణి. ఇరవై రెండేళ్లు లైట్లు మోశాను, మొదట మద్రాసులో, తరువాత హైదరాబాదులో. కాబట్టి చవక బజారు అన్న మాట దగ్గర ఆగాను.

రంగు నెగెటివ్‌లో చీకటి తీయడమంటే ఏమిటో ఒకసారి చూడండి. 1950ల్లో ఈస్ట్‌మన్ రంగు నెగెటివ్ వేగం, అంటే వెలుగును పట్టే శక్తి, 25. 1959లో వచ్చిన కొత్త రకానిది 50. ఇప్పటి క్యామెరాలు 800 దగ్గర మొదలవుతాయి. అంటే ఇప్పుడు ఒక దీపం సరిపోయే చోట అప్పుడు పదహారు, ముప్పై రెండు దీపాలంత వెలుగు కావాలి. దాని పైన వెడల్పు తెరకు వాడే స్కోప్ లెన్సు. ఆ రోజుల్లో వెడల్పు తెర లెన్సులు పూర్తిగా తెరిస్తే బొమ్మ మెత్తబడేది, అంచులు జారిపోయేవి. కాస్త మూస్తే ఇంకా ఎక్కువ వెలుగు కావాలి. దగ్గరగా వెళితే ముఖం పక్కలకు సాగేది, గవదబిళ్లలు వచ్చినట్టు.

అంటే సెట్టులో కళ్లు మిరుమిట్లు గొలిపే వెలుగు ఉంటే తప్ప తెర మీద చీకటి రాదు. నటులు చెమటతో తడిసిపోతూ చలికి వణికినట్టు నటించాలి. ఆ వెలుగంతా పోసి, ఎక్కడ పడకూడదో అక్కడ పడకుండా ఆపడమే అసలు పని. ఎక్కడెక్కడ ఎంత నల్లగా ఉండాలో నిర్ణయించేది క్యామెరామన్. దాన్ని సాధించేది లైట్లవాళ్లు. నల్లతెర గారు మా వాళ్లను తలుచుకున్నందుకు సంతోషం, కానీ ‘క్యామెరా అక్కడ ఉంది, అంతే’ అన్న మాట మాత్రం ఒప్పుకోను. తక్కువ రోజులు, తక్కువ డబ్బు ఉన్నప్పుడు లెక్క తప్పితే మళ్లీ తీసే అవకాశం ఉండదు. మియాజిమాకు విమానాల షెడ్డు ఉంది. ఈయనకు గడియారం ఉంది.

---

సుధామయి | శనివారం, మధ్యాహ్నం 12:15

ఆర్క్‌ల్యాంప్ గారి మాట చదివాక మళ్లీ మొదటి పది నిమిషాలు చూశాను. ఇయెమోన్ చేసే మొదటి హత్య రాత్రి దారిలో జరుగుతుంది. కోతలు పెట్టకుండా క్యామెరా పక్కకు జరుగుతూ వాళ్లతో నడుస్తుంది. మనం తప్పించుకుని చూపు పక్కకు తిప్పుకునే వీలు ఇవ్వదు.

ఈ వెడల్పు తెర ఈ కథకు ఎందుకు అంతగా అతికింది? మూలం కబుకి, అంటే జపాన్ సంప్రదాయ రంగస్థల నాటకం, కావడం వల్లనని నాకు అనిపిస్తుంది. నాలుగవ త్సురుయా నంబొకు రాసిన నాటకం, 1825లో ఎదోలో, అంటే నేటి టోక్యోలో, మొదటిసారి ఆడారు. నలభై ఏడుగురు సమురాయ్‌ల ప్రసిద్ధ కథతో కలిపి రెండు రోజులపాటు దీన్ని ప్రదర్శించారు. ఒకవైపు స్వామిభక్తి, దాని పక్కనే భార్యను చంపుకున్న స్వామిద్రోహి! నాటకంలో ఆ భార్య ఒయివా తల దువ్వుకుంటుంటే జుట్టు కుచ్చులు కుచ్చులుగా ఊడి వస్తుంది. ఆమె శవాన్నీ మరొక శవాన్నీ ఒకే తలుపు చెక్కకు రెండు వైపులా మేకులు కొట్టి నదిలో వదులుతారు. రంగస్థలం మీద ఆ చెక్కను తిప్పుతూ ఒకే నటుడు ఇద్దరి ముఖాలూ చూపించేవాడు. కబుకి వేదిక అడ్డంగా విశాలంగా ఉంటుంది. నకగవా సినిమా మొదలయ్యేది కూడా రంగస్థలం మీదే. నిషిమొతో ఫ్రేము ఆ వెడల్పును మరిచిపోదు. మనిషి ఒక మూల, మిగతాదంతా ఖాళీ. ఆ ఖాళీలోంచి ఎవరో వస్తారని మనకు తెలుసు.

ఇంకో మాట. ఈ కథ ఆడేవాళ్లు, తీసేవాళ్లు ముందుగా టోక్యో యొత్సుయాలోని ఒయివా గుడికి వెళ్లి దణ్ణం పెట్టుకోవడం ఆనవాయితీ. లేకపోతే ఆమె ఊరుకోదని నమ్మకం. కొబ్బరికాయ కొట్టకుండా క్యామెరా తిప్పని మనకు ఇది వింతగా అనిపించదు.

---

మిణుగురు | శనివారం, మధ్యాహ్నం 12:40

ఇదంతా చదివి రాత్రి ఒంటరిగా చూద్దామనుకున్నాను. ఇప్పుడు అమ్మను పక్కన కూర్చోబెట్టుకుని చూద్దామనుకుంటున్నాను. ఆమె దయ్యాలకు భయపడదు, విసుక్కుంటుంది.

---

నల్లతెర | శనివారం, సాయంత్రం 6:03

ఆర్క్‌ల్యాంప్ గారూ, పని తెలిసినవారి మాట ముందు తల వంచుతాను. ‘అంతే’ అన్నది వెనక్కి తీసుకుంటున్నాను. మిగతాది అలాగే ఉంచుతాను.

పాతరీలు గారికి ఒక ప్రశ్న. ఆ పనితనం నిషిమొతోదే అనడానికి నకగవా తోడు లేని సినిమాలో రుజువు చూపించండి. హాంకాంగ్‌లో ఆయన తీసినవి పాటల సినిమాలు, రాణుల సినిమాలు, కత్తి సినిమాలు. దయ్యం ఎక్కడ?

---

పాతరీలు | శనివారం, రాత్రి 9:30

న్యాయమైన ప్రశ్న. మధ్యాహ్నం నుంచి దీని మీదే ఉన్నాను, ఇంట్లో చీవాట్లు కూడా తిన్నాను.

ముందు 1958 నాటి ‘బోరెయి కైబ్యో యషికి’. ఇందులో నకగవా ఉన్నాడు కాబట్టి దీన్ని రుజువుగా ఇవ్వను, కానీ దారి చూపిస్తుంది. ఒక వైద్యుడు రాత్రి ఆసుపత్రిలో చీకట్లో నడుస్తుంటాడు, అడుగుల చప్పుడు వినబడుతుంది. అక్కడి నుంచి వెనక్కి, జబ్బుపడిన భార్యతో క్యూషూలో ఒక పాత ఇంటికి మారిన రోజులకు వెళతాం. ఇక్కడ ఒక తిరకాసు ఉంది. వర్తమానం నీలిఛాయ నలుపు తెలుపులో, వందల ఏళ్ల కిందటి గతం నిండు రంగుల్లో ఉంటుంది. మామూలుగా ఎవరైనా తలకిందులుగా చేస్తారు. ఇక్కడ బతికున్నవాళ్లు పాలిపోయి ఉంటారు, చచ్చినవాళ్లకు రంగు ఉంటుంది. పగ ఉన్నవైపే రక్తం ఉన్నట్టు.

ఇప్పుడు నకగవా లేని చోటికి రండి. 1963, హాంకాంగ్, లి హాన్-షియాంగ్ దర్శకత్వంలో ‘ద లవ్ ఎటర్న్’. మగవేషంలో చదువుకోవడానికి వెళ్లిన అమ్మాయి, ఆమెను ప్రేమించిన అబ్బాయి, మొదటినుంచి చివరిదాకా పాటలు. తైపే నగరం ఈ సినిమాకు పిచ్చెత్తిపోయింది. చివర్లో ఏమవుతుంది? అబ్బాయి చనిపోతాడు. అమ్మాయి పెళ్లి పల్లకి అతని సమాధి మీదుగా వెళుతుంది. గాలివాన. సమాధి రెండుగా చీలుతుంది. ఆమె అందులోకి వెళ్లిపోతుంది.

ఆ దృశ్యాన్ని ‘యొత్సుయా’ చూసిన మర్నాడు చూడండి. అప్పటిదాకా పూతరేకులా మెరిసిన సినిమా ఒక్కసారిగా రంగు మార్చుకుంటుంది. అదే సెట్టు గాలి, అదే మోసపు ఆకాశం, నేల నోరు తెరవడం. అక్కడ నేల మింగింది పాపిని, ఇక్కడ మింగింది ప్రేమికురాలిని. ‘యొత్సుయా’ చివర ఒయివా పగ తీరి, చెడిన ముఖం పోయి, బిడ్డను ఎత్తుకుని ప్రశాంతంగా కనిపిస్తుంది. ఇక్కడ ప్రేమికులు సమాధి దాటి పైకి పోతారు. నాలుగేళ్ల తేడాలో ఒకే కన్ను రెండుసార్లు చావును దాటింది.

---

సుధామయి | శనివారం, రాత్రి 9:58

ఈ సమాధి సంగతి నాకు తట్టలేదు. నిజమే.

షా వాళ్లకు ఆయన ఇచ్చింది భయం ఒక్కటే కాదు. అప్పటికి అక్కడ రంగు, వెడల్పు తెర కలిపి తీయడం తెలిసినవాళ్లు తక్కువ. లి హాన్-షియాంగ్ ‘యాంగ్ క్వెయి ఫెయి’కి 1962 కాన్ ఉత్సవంలో సాంకేతిక బహుమతి వచ్చిందంటే, ఆ సాంకేతికత ఎవరి చేతుల్లోంచి వచ్చిందో వేరే చెప్పాలా? 1966లో దర్శకుడు కింగ్ హు తీసిన కత్తి సినిమా ‘కమ్ డ్రింక్ విత్ మి’కి క్యామెరా కూడా ఈయనదే. ఆ సత్రం దృశ్యంలో కథానాయిక చెంగ్ పెయి-పెయి కదలకుండా కూర్చుంటే చుట్టూ ఉన్న మగవాళ్లంతా కదులుతుంటారు. ఏ మూల నుంచి ఏం వచ్చి పడుతుందో తెలియదు. అదీ దయ్యం సినిమా లెక్కే, దయ్యం బదులు కత్తి.

---

నల్లతెర | శనివారం, రాత్రి 10:20

సమాధి ఒప్పుకుంటున్నాను. సత్రం ఒప్పుకోను. అది కింగ్ హు బుర్ర. రంగస్థల సంగీతం లెక్కలో కోతలు వేసే మనిషి ఆయన, క్యామెరామన్ ఎవరైనా అది అలాగే వచ్చేది.

---

కొండగుర్తు | శనివారం, రాత్రి 11:11

ఆలస్యంగా వచ్చాను, ఒక్క పేరు గురించి చెప్పి వెళతాను. కొన్నేళ్లు చైనా భాష చదువుకున్నాను.

హో లాన్-షాన్ అన్న మూడు అక్షరాలు మనిషి పేరులా కనిపిస్తాయి కానీ, అది వాయవ్య చైనాలో ఒక పర్వత శ్రేణి పేరు. ఉత్తర ఉచ్చారణలో హలాన్ షాన్ లాంటిది. చైనాలో బడికి వెళ్లిన ప్రతి పిల్లవాడికీ ఆ పేరు తెలుసు. సేనాని యుయే ఫెయి రాశాడని చెప్పుకునే దేశభక్తి పద్యంలో, రథాలతో ఆ కొండల కనుమను తొక్కి దాటి శత్రువును తరిమేద్దాం అన్న పాదం ఉంది.

జపాన్ వాడన్న సంగతి దాచడానికి పెట్టిన పేరు, శత్రువును తరిమే పద్యంలోది! ఎవరు పెట్టారో కానీ, నవ్వుకుంటూ పెట్టారో నవ్వకుండా పెట్టారో.

---

సందేహాల పుట్ట | ఆదివారం, ఉదయం 8:02

రాత్రి నిద్ర పట్టక ‘వే ఆఫ్ ద డ్రాగన్’ మళ్లీ చూశాను. పాతరీలు గారూ, మీరు ఒకటి వదిలేశారు. కొలోసియంలో బ్రూస్ లీ, చక్ నోరిస్ కొట్టుకునేటప్పుడు పక్కన ఒక పిల్లిపిల్ల ఉంటుంది! మధ్యమధ్య క్యామెరా దాన్ని చూపిస్తుంది, అది మియావ్ అంటుంది. చిన్నప్పుడు టాకీసులో అందరూ నవ్వేవారు. ఇప్పుడు మీ దయ్యపు పిల్లి గురించి చదివాక నాకు నవ్వు రాలేదు.

---

పాతరీలు | ఆదివారం, ఉదయం 8:30

సందేహాల పుట్ట గారూ, మీకు సాష్టాంగం. మూడు రోజులుగా పిల్లి సినిమా గురించి రాస్తూ ఆ పిల్లిని మరిచిపోయాను.

పిల్లిని పెట్టిన ఆలోచన దర్శకుడు బ్రూస్ లీదే అయి ఉంటుందని నల్లతెర గారు అనేలోపు నేనే అంటున్నాను. అయినా ఆ పోరాటాన్ని ఒకసారి చూడండి. బయట రోమ్, లోపల చాలావరకు హాంకాంగ్ సెట్టు. చివర చక్ నోరిస్ పడిపోయాక హడావిడి లేదు. నిశ్శబ్దం. బ్రూస్ లీ అతని బట్టలు తెచ్చి శవం మీద కప్పుతాడు. కొట్లాట సినిమాలో చావుకు ఆ మర్యాద అరుదు.

ఆ ఏడాదే తీసి పూర్తి చేయకుండా వదిలిన ‘గేమ్ ఆఫ్ డెత్’ అంతస్తుల పోరాటాలూ నిషిమొతోవే. అందులో బ్రూస్ లీతో తలపడే బాస్కెట్‌బాల్ ఆటగాడు కరీం అబ్దుల్ జబ్బార్ ఏడు అడుగుల రెండు అంగుళాలు. అడ్డంగా సాగిన తెరలో అంత నిలువు మనిషిని ఎలా ఇరికిస్తారు? కుర్చీలో కూర్చోబెట్టి మొదలుపెట్టారు. కుర్చీలోంచి లేచి నిలబడగానే తల ఎక్కడికో పోతుంది. బ్రూస్ లీ కళ్లెత్తి చూస్తాడు, మనమూ చూస్తాం. ఖాళీగా ఉన్న ఫ్రేములోకి ఏదో లేవడం మళ్లీ.

---

ఆర్క్‌ల్యాంప్ | ఆదివారం, ఉదయం 10:17

ఒక లెక్క నాకు తేలలేదు. ఆయన హాంకాంగ్‌లోనే ఉండిపోయాడు కాబట్టి జపాన్‌లో ఆ చేయి ఎవరికీ అందలేదు. మరి ‘రింగు’, 2001 ‘కైరో’, 2002 ‘డార్క్ వాటర్’ తీసిన హయాషి జునిచిరోకు, 1997 ‘క్యూర్’, తరువాత ‘జు-ఆన్’ తీసిన కికుమురా తొకుషోకు ఈ ఖాళీ ఫ్రేము ఎక్కడిది? నేర్పిన గురువు లేడు కదా.

---

నల్లతెర | ఆదివారం, మధ్యాహ్నం 1:44

అందుకే చెబుతున్నాను, ఖాళీ ఎవరి సొత్తూ కాదు. నంబొకుది, కబుకిది, పాత బొమ్మలు గీసినవాళ్లది. నిషిమొతో దానికి రంగు వేశాడు, హయాషి ఆ రంగు తీసేశాడు. ‘కైరో’లో గోడలు చూడండి, బూజు రంగు తప్ప ఏమీ లేదు. 1959లో ఎర్రగా వచ్చిన చావు 2001లో బూడిదగా వచ్చింది. గోడ మీద మసి మరకగా మిగిలింది.

ఇదంతా మీ మనిషిని తక్కువ చేయడానికి కాదు పాతరీలు గారూ. నిన్న రాత్రి ‘యొత్సుయా’ మళ్లీ పెట్టాను. దోమతెర దగ్గర ఆపేశాను.

---

మిణుగురు | ఆదివారం, రాత్రి 9:26

అమ్మతో చూశాను. ఒయివా ముఖం పాడైనప్పుడు విసుక్కోలేదు. “ఆ పిల్లకు ఎవరైనా ముందే చెప్పి ఉంటే” అని ఊరుకుంది. తతామి మడుగైన చోట మాత్రం కుర్చీలోంచి లేచి వంటింట్లో లైటు వేసి వచ్చింది. వచ్చి కూర్చుని, “దాన్ని మళ్లీ పెట్టు” అంది.

---

పాతరీలు | ఆదివారం, రాత్రి 9:40

మిణుగురు గారూ, మీ అమ్మగారిని ఈ వేదికలో చేరమని చెప్పండి.

నల్లతెర గారూ, దోమతెర దగ్గర ఎందుకు ఆపేశారో చెప్పలేదు.